దులిపిన దుమ్ము

వదినా,

అన్నయ్య ఆస్‌బెస్టాస్ రేకుల ఫ్యాక్టరీ నుంచి రాగానే ఆయన బట్టలు పెరటి గుమ్మంలో నిలబడి దులిపి ఉతికేదానివి కదా, ఆ దుమ్మంతా ఎక్కడికి పోయేదని పదిహేనేళ్లుగా అడుగుతున్నాను, నన్ను నేనే.

అప్పట్లో ఫ్యాక్టరీ దుమ్ము జబ్బుల మీద చేసిన మా సర్వే ఫారంలో నీ పేరు పక్కన 'గృహిణి, దుమ్ములో పని లేదు' అని రాసింది నేనే. "నాకేం పని అమ్మాయ్, మూడు పూటలా తిని కూర్చోవడమేగా" అని నువ్వు దగ్గుతూ నవ్వావు. నేనూ నవ్వి రాసేశాను.

ఇంట్లో ఆ బట్టలు ఉతికిన ఆడవాళ్లనూ లెక్కలోకి తీసుకోవాలని నిన్న నష్టపరిహారం కమిటీలో మొత్తుకున్నాను. "ఉతకడం కూడా ఉద్యోగమేనా మేడమ్? రుజువేది?" అన్నాడు కమిటీ పెద్దాయన. ఆయన తెల్లచొక్కా ఎవరు ఉతుకుతారో అడగాలని నోటిదాకా వచ్చింది. ఆ దుమ్ము మచ్చలై కనబడే నీ ఎక్స్‌రే నా సంచిలోనే ఉంది. తీయలేదు.

"తన బట్టల వల్లే నాకీ జబ్బని తెలిస్తే మీ అన్నయ్య కుమిలిపోతారు, చెప్పకమ్మా" అని మాట తీసుకున్నావు. ఎక్స్‌రే మీద పేరు కొట్టేసినా, ఆ ఫ్యాక్టరీ క్వార్టర్లలో అది నీదేనని ఎవరికి తెలియదు? చూపించకపోతే మిగతా ఆడవాళ్లంతా మళ్ళీ పని లేనివాళ్లుగానే మిగిలిపోతారు.

సోమవారం మళ్ళీ కమిటీ ఉంది. ఎక్స్‌రే బయటికి తీయాలా, నీకిచ్చిన మాట నిలబెట్టుకోవాలా అన్నది నాకింకా తేలలేదు.

నీ ఆడపడుచు