ఒకే వరుసలో రెండు ఎనిమిదులు

జూన్ 4, మంగళవారం

పడుకోమన్నారు. ఇంట్లో కాదు, ఈ వార్డులోనే, కాన్పయ్యేదాకా. నిన్న గర్భసంచి మూతికి స్టిచ్ వేశారు. బాత్రూమ్‌కి తప్ప మంచం దిగకూడదట.

నేను డ్రిల్ టీచర్ని. పొద్దున విజిల్ నోట్లో పెట్టుకుంటే సాయంత్రం దాకా గ్రౌండ్‌లోనే. అన్నం కూడా తిరుగుతూ తింటానని అమ్మ తిడుతుంది. అలాంటిదాన్ని ఆరో నెలలో మంచానికి కట్టేశారు. కిందటిసారి ఐదో నెలలోనే పోయింది. ఆ మాట ఎవరూ ఎత్తరు. ఎత్తకుండా అందరూ నా పొట్టవంకే చూస్తారు.

సీలింగ్ మీద ఒక మరక ఉంది. చాలాసేపు చూశాను. మరకలాగే ఉంది.

జూన్ 5

పక్క బెడ్ ఆవిడ ట్రాఫిక్ కానిస్టేబుల్. కడుపులో కవలలు. బీపీ ఎక్కువని ముందుగానే చేర్చుకున్నారు. నర్సులతో సహా అందరూ ట్రాఫిక్ అక్క అనే పిలుస్తారు. పొద్దున్నే పేపరు తెప్పించుకుని, వెనక పేజీలో సుడోకు గళ్ళు నింపుతూ కూర్చుంటుంది. నేను పొద్దుటినుంచి వాగుతూనే ఉన్నాను. మధ్యాహ్నానికి తలెత్తి, కాళ్ళు ఆపేసరికి పరుగంతా నోటికెక్కిందా తల్లీ అంది.

ఒళ్ళు మండింది. కాసేపటికి నవ్వొచ్చింది.

జూన్ 6

లెక్కలంటే నాకు చిన్నప్పటినుంచీ పడదు. ఇందులో లెక్క లేదు, చూపే ఉంది అంది అక్క. ఒకటినుంచి తొమ్మిది దాకా అంకెలు. అడ్డవరుసలో ఏదీ రెండోసారి రాకూడదు, నిలువు వరుసలో రాకూడదు, మూడు మూళ్ళ చిన్న డబ్బాలో రాకూడదు. అంతే. ఒక్క అంకె పట్టుకుని, అది ఎక్కడెక్కడ ఉందో చూసి, మిగతాచోట్ల ఎక్కడ ఉండటానికి వీల్లేదో చూడమంది.

నాలుగుని పట్టుకున్నాను. రెండు నాలుగులు దొరికాయి. ఆ తర్వాత నాకు తోచినచోటల్లా అంకెలు పెట్టేశాను. అందంగా నిండింది. అక్క ఒక్కచూపు చూసి, ఈ సందులో మూడు ఆరులు గుద్దుకున్నాయి, ఎవరి లైసెన్స్ తీసుకోమంటావ్ అని అడిగింది.

జూన్ 8

ఒక్కటి కూడా పూర్తి కాలేదు. పిక్కలు గుంజుతున్నాయి.

జూన్ 10

మా ఆయన వచ్చాడు. లిఫ్టులు బాగుచేసే పని ఆయనది. చేతుల గ్రీజు ఎంత కడిగినా గోళ్ళల్లో ఉండిపోతుంది. నాకోసం సుడోకు పుస్తకం తెచ్చాడు. అట్టమీద ‘అతి కఠినం’ అని ఉంది. అన్నిట్లోకీ లావుగా ఉందని తీసుకున్నాడట, చాలాకాలం వస్తుందని. కోప్పడదామనుకుని ఆ గోళ్ళు చూసి ఊరుకున్నాను.

అక్క రబ్బరు ఇవ్వదు. చెరిపే వీలుంటే ఆలోచించవు, తెలిసేదాకా పెట్టకు అంటుంది. తెలిసేదాకా ఊరికే కూర్చోవడం ఎలాగో మాత్రం చెప్పదు. పెన్సిల్ మొదలు నమిలి నమిలి పిప్పి చేశాను.

జూన్ 13

ఇవాళ నడిచాను.

నాలుగింటికి నర్సులు టీ తాగుతుంటే దిగాను. బాత్రూమ్ దాటి, కారిడార్ చివర కిటికీదాకా వెళ్ళాను. కింద రోడ్డు, బస్సులు, ఒక ఆడమనిషి పరిగెత్తి బస్సెక్కడం. అరికాళ్ళకు చల్లటి నేల తగులుతుంటే ప్రాణం లేచొచ్చింది. ఏమీ కాదు, వీళ్ళంతా ఊరికే భయపెడుతున్నారు అనుకున్నాను.

వెనక్కి వస్తుంటే పొట్ట రాయిలా బిగిసింది. మంచం చేరేసరికి రక్తం కనిపించింది.

ఆ తర్వాత హెడ్‌నర్సు కేకలు, ఇంజెక్షన్, స్కాన్. స్కాన్ గదిలో డాక్టరమ్మ తెర చూసినంతసేపూ నేను గోడ చూశాను. గుండె కొట్టుకుంటోందట. స్టిచ్ నిలిచిందట. ఇంకోసారి దిగితే నా పూచీ లేదు అంది.

మా ఆయనకు చెప్పవద్దని బతిమాలాను. చెప్పేశారు.

జూన్ 14

అక్క మాట్లాడలేదు.

జూన్ 15

అక్క మధ్యాహ్నం దాకా బిగదీసుకునే ఉంది. తర్వాత తన పేపరు నావైపు తోసింది. నిన్న నేను తిట్టలేదు, తిడితే బీపీ పెరుగుతుందని ఆగాను, ఇప్పుడూ తిట్టను అని, అలా అంటూనే శుభ్రంగా తిట్టింది. నా పిల్లలతోబాటు నీ బిడ్డని కూడా నేనే మోస్తున్నట్టుంది, కంటిమీద కునుకు లేదు అంది. నేను తల దించుకున్నాను.

ఆ కోపంలోనే కొత్త పాఠం చెప్పింది. ఒక డబ్బాలో రెండు గళ్ళున్నాయి. రెంటిలోనూ రెండో ఏడో తప్ప ఇంకేదీ పట్టదు. ఏది ఎందులోదో ఇప్పుడే తెలియదు. తెలియకపోయినా, ఆ డబ్బాలో మిగతా గళ్ళలో రెండూ ఏడూ ఉండవని మాత్రం తెలుసు. దాంతో మూడో గడి తెరుచుకుంది. దాంతో నాలుగోది.

తెలియనిదాన్ని అలాగే ఉంచి ముందుకు పోవచ్చని నాకెవరూ చెప్పలేదు.

జూన్ 19

పూర్తయింది! ఒక్క కొట్టివేత లేకుండా. అక్క అన్ని వరుసలూ వేలుపెట్టి సరిచూసి, పో అని చెయ్యి ఊపింది, సిగ్నల్ దగ్గర వదిలినట్టు. మా ఆయనకు ఫోన్ చేసి చెప్పాను. ఏదో లిఫ్టు గొయ్యిలో ఉన్నాడట, సరిగ్గా వినబడక నొప్పులనుకుని సగం దారి వచ్చేశాడు.

జూన్ 22

ఇప్పుడు ఒకటే పేపరు, ఇద్దరం. ఆవిడొక అంకె, నేనొక అంకె. ఆవిడ ఆలోచిస్తుంటే నాకు ఆగదు. నా కాలివేళ్ళు దుప్పటి కింద కవాతు చేస్తాయి.

జూన్ 24, సాయంత్రం 6

వరసగా రాస్తే తప్ప కుదుటపడను.

భోజనాలయ్యాక ఆటలో కూర్చున్నాం. అక్క వంతు. ఇవాళ పొద్దుటినుంచీ మందకొడిగానే ఉంది. మధ్య వరుసలో ఎనిమిది వేసింది. ఆ వరుసలో అచ్చులోనే ఎనిమిది ఉంది, రెండు గళ్ళ అవతల. నాకు పండగలా అనిపించింది. అక్కా దొరికావు, రెండు ఎనిమిదులు గుద్దుకున్నాయి అన్నాను.

ఎక్కడ అంది. చూపించాను. అది మూడు కదే అంది. కాదక్కా, ఎనిమిది అన్నాను. పేపరు ముఖానికి దగ్గరగా పెట్టుకుంది, దూరంగా పెట్టుకుంది. ఆ ట్యూబ్‌లైట్ కొట్టుకుంటోంది, ఆపమను, కళ్ళలో మిణుగురులు ఎగిరినట్టుంది అంది.

లైటు వెయ్యనేలేదు. ఎర్రటి ఎండ.

అక్క తప్పు వెయ్యదు. నేనొచ్చినప్పటినుంచీ ఒక్కటి కూడా వెయ్యలేదు. బెల్ నొక్కాను. మళ్ళీ నొక్కాను. ఎవరూ రాలేదు. దిగి పరిగెత్తడానికి కాలు కిందికి పెట్టబోయాను. పెట్టలేదు. రెండు వేళ్ళు నోట్లో పెట్టుకుని ఈల వేశాను. గ్రౌండ్ ఆ చివర ఉన్నవాళ్ళు ఆగిపోయే ఈల.

తిడదామని నర్సులు పరిగెత్తుకొచ్చారు. హెడ్‌నర్సు బీపీ చూసి నోరు మూసుకుంది. ఇంకోసారి చూసింది. తర్వాత స్ట్రెచర్.

తలుపు దాటుతుంటే అక్క చెయ్యెత్తి అరచెయ్యి నావైపు చూపింది. లారీలను ఆపే చెయ్యి. లేవకు అని.

జూన్ 24, రాత్రి 8

ఏమీ చెప్పరు. ఆపరేషన్ జరుగుతోందని మాత్రం అన్నారు. ఆవిడ మంచం మీద దుప్పటి అలాగే ఉంది, మోకాళ్ళ గుర్తుతో. పేపరు రెండు మంచాల మధ్య నేలమీద పడి ఉంది. వంగితే అందుతుంది.

వంగలేదు.

జూన్ 25

అక్క వాళ్ళాయన వచ్చాడు. పొడుగాటి మనిషి, మాట తక్కువ. ఇద్దరు ఆడపిల్లలట. అద్దాల పెట్టెల్లో ఉన్నారు, చిన్నదానికి ఊపిరి కష్టంగా ఉంది. అక్కకు స్పృహ వచ్చింది. ఇంకాస్త ఆలస్యమైతే ఫిట్స్ వచ్చేవని డాక్టరమ్మ అన్నదట. లేచి నా నీళ్ళ సీసా నింపడానికి తీసుకెళ్ళాడు. అది నిండుగానే ఉంది. కొంచెం వొలికించుకుంటూ మళ్ళీ తెచ్చిపెట్టాడు.

ఆయన వెళ్ళాక దుప్పటి కప్పుకుని ఏడ్చాను.

జూలై 3

చిన్నదానికి గొట్టాలు తీసేశారు. ఎవరూ చెప్పకముందే హెడ్‌నర్సు నడక చూసి తెలిసింది.

జూలై 17

అక్క వచ్చింది. మొదటిసారి చీరలో చూశాను, ఎవరో అనుకున్నాను. పిల్లలు ఇంకా పైఅంతస్తులోనే, రోజూ పాలు ఇవ్వడానికి వస్తోంది. నా మంచం అంచున కూర్చుంది. ఆ రోజు తెల్లవారుజామునుంచే తల పగిలిపోతోందట. చెబితే పిల్లల్ని అప్పుడే బయటికి తీసేస్తారని, ఇంకొక్క రోజు లోపల ఉండనిద్దామని దాచిందట. పోలీసుద్యోగం చేస్తూ నాకే నేను లంచమిచ్చుకున్నానే అంది.

ఆవిడ చెయ్యి పట్టుకున్నాను. కాసేపటికి, పాపం ఆ ఈలకి వార్డులో ఎంతమందికి నొప్పులొచ్చాయో అంది. ఇద్దరం నవ్వాం. నేను పొట్ట పట్టుకుని, ఆవిడ కుట్లు పట్టుకుని.

జూలై 29

పక్క బెడ్‌కి కొత్తమ్మాయి. వచ్చినప్పటినుంచీ మాట్లాడుతూనే ఉంది. దేవుడా.

ఆగస్టు 16

‘అతి కఠినం’లో సగమయింది. నిద్ర లేదు. లోపలున్నది నాకంటే ఎక్కువ కవాతు చేస్తోంది. ఇంకా కొన్నాళ్ళు ఆగమని దాన్ని బతిమాలుతున్నాను.

సెప్టెంబర్ 3

ఎడమచేత్తో రాస్తున్నాను. పాప. కుడిచేతిమీద తల పెట్టి నిద్రపోతోంది. లేచి తిరగొచ్చని డాక్టరమ్మ పొద్దున్నే చెప్పింది. చెయ్యి తిమ్మిరెక్కి చాలాసేపయింది. తియ్యబుద్ధి కావడం లేదు.