తుంటి పట్టేసిన రోజు

మంగళవారం, రాత్రి

తుంటి ఇప్పుడు కాస్త వదిలింది. పొద్దున మగ్గం గుంతలోంచి లేవబోతే కుడివైపు పట్టేసి, గోడ పట్టుకుని నిలబడ్డాను. సరిగ్గా అప్పుడే పక్కింటి సుబ్బమ్మత్త వచ్చింది. నేను ఎదురుకాళ్లతో పుట్టాను కదా, అలాంటివాళ్లు తంతే పట్టు వదులుతుందని నమ్మకం; వీధిలో ఎవరికి నడుం పట్టినా తుంటి పట్టినా నాతో తన్నించుకోవడానికే వస్తారు.

"తుంటి శానా పట్టుకుండాది మే, ఒక్క తన్ను తన్ను" అంటూ వెనక్కి తిరిగి నిలబడింది.

"నా కాలే లేస్తాలేదత్తా."

ఆమె నవ్వలేదు. "మరి నిన్నెవురు తన్నాల?" అంది దిగులుగా.

పోయినసారి పట్టేసినప్పుడు ఆసుపత్రిలో వ్యాయామాలు నేర్పిన ఫిజియో అమ్మాయి చెప్పినట్టే చేశాను. గోరువెచ్చని గుడ్డతో కాపడం పెట్టుకుని, చాప మీద వెల్లకిలా పడుకుని, ఒక్కో మోకాలినీ మెల్లగా పొట్ట వైపు లాక్కున్నాను. నొప్పి పుడితే ఆపేయాలట. కాలు తిమ్మిరెక్కినా, అడుగు వేయలేకపోయినా ఆలస్యం చేయకుండా రమ్మంది. అత్త కూడా పక్కనే పడుకుని చేసింది. లేచి వాకిట్లో నాలుగడుగులు వేసి, "ఇప్పుడు బాగుండాది" అంది.

పోతూ పోతూ గడప దగ్గర ఆగింది. "అయినా ఒకసారి కాలు తాకించు మే, నా తృప్తికి."

గోడ పట్టుకుని తాకించాను.

సాయంత్రం కొళాయి దగ్గర అందరికీ చెబుతోంది: "ఊరికే అట్ట తాకించిందంతే, పట్టు పూర్తిగా వదిలిపాయ."

మోకాళ్లు లాక్కున్న సంగతి ఎత్తనే లేదు. రేపు ఎంతమంది వస్తారో ఏమో. చాప చుట్టకుండా అలాగే పరిచి ఉంచాను.