రోడ్డు దాటని కేస్ డైరీ

డిసెంబర్ 4

మనిషిని చంపినవాడు ఇంట్లో హాయిగా పడుకుంటున్నాడంటే అది నీ వల్లే. అవును, ఇది చదువుతున్న నీ వల్లే. పేపర్లో ముందస్తు బెయిల్ అని కనబడగానే పేజీ తిప్పేస్తావు.

తిప్పకు. ఇటుక బట్టీ యజమాని రణ్‌విజయ్ సింగ్ కులం పేరు పెట్టి తిడితే జగేసర్ మాంఝీ ఎదురు మాట్లాడాడు. అందుకే పార కర్రతో కొట్టి చంపాడు. భార్య బుధనీ కళ్లారా చూసింది. ఎఫ్ఐఆర్‌లో అంతా ఉంది. అట్రాసిటీ చట్టం కింద ముందస్తు బెయిల్ లేదు. అయినా సింగ్ అర్జీ పెట్టాడు. కులం మాట అబద్ధమని వాళ్ల వాదన.

అబద్ధమో కాదో పోలీసులు దర్యాప్తు రాసుకునే కేస్ డైరీ చూస్తే గానీ తేలదన్నాడు జడ్జి. అది వచ్చేదాకా అరెస్టు చేయొద్దన్నాడు. ఇక్కడ ఇది మామూలే.

డిసెంబర్ 19

డైరీ రాలేదు. వాయిదా. అరెస్టు నుంచి సింగ్‌కి రక్షణ కొనసాగింపు.

జనవరి 9

మళ్లీ రాలేదు. పోలీస్ స్టేషన్ కోర్టుకి ఎదురుగానే, రోడ్డు అవతల. కోర్టు మెట్ల మీద నిలబడితే దరోగా, అంటే స్టేషన్ ఎస్సై, టీ తాగడం కనిపిస్తుంది. మా సంఘం వకీలు అఖ్తర్ సాబ్ ఆ మాట జడ్జికి చెబితే హాలంతా నవ్వింది. కోర్టు గుమాస్తా పేష్కారు నాతో మెల్లగా అన్నాడు, "దీదీ, పొగమంచు కదా, దారి కనబడలేదేమో." నాకు నవ్వు రాలేదు. రాత్రికి కరపత్రం రాశాను. ఘాటుగానే వచ్చింది.

జనవరి 16

బుధనీని చూడ్డానికి బట్టీకి వెళ్లాను. ఆమె గుడిసె బట్టీ నేల మీదే. సింగ్ అక్కడే మంచం వేసుకుని ఎండ కాచుకుంటున్నాడు. నన్ను చూసి లేచి నమస్కారం పెట్టాడు, ఎంత మర్యాదో. "మీ మీటింగులు బాగా జరుగుతున్నాయా దీదీ?" అన్నాడు.

బుధనీ పచ్చి ఇటుకలు తిరగేస్తోంది. నావైపు చూడలేదు.

భయపడొద్దని, చట్టం నీ వైపుందని చెప్పాను. తలూపింది.

ఫిబ్రవరి 3

డైరీ రాలేదు. నేను కోర్టు బయట మైకు పట్టుకున్నాను. చప్పట్లు బాగానే పడ్డాయి.

ఫిబ్రవరి 20, మధ్యాహ్నం

డైరీ వచ్చింది.

ఇన్నాళ్లూ ఎందుకు రాలేదో ఇప్పుడు అర్థమైంది. లోపల కొత్త కాగితం చేరాలి కదా. బుధనీ రెండో వాంగ్మూలం, మొన్న దరోగా రాసుకున్నది. భర్త ఇటుకల గుట్ట మీంచి జారి పడ్డాడట. ఎవరూ తిట్టలేదట.

జడ్జి చదివాడు. హత్యకి గానీ అట్రాసిటీకి గానీ ఆధారం కనబడటం లేదన్నాడు. ముందస్తు బెయిల్ ఇచ్చేశాడు. షరతు: సాక్షుల్ని బెదిరించకూడదు. ఆ షరతు విని సింగ్ వినయంగా తల వంచాడు. అరెస్టు ఆపింది సాక్ష్యం తేలేదాకా అన్నారు. అలా ఆపిన రోజుల్లోనే సాక్ష్యం చచ్చింది. దీన్ని న్యాయం అని ఏ నోటితో అంటారు?

అదే రోజు, సాయంత్రం

కోర్టు మెట్ల దగ్గర బుధనీని పట్టుకుని అడిగాను. గట్టిగానే అడిగాను. నీ మొగుడి రక్తం గుర్తు లేదా అన్నాను.

ఆమె కొంగు సర్దుకుంది. తర్వాత అంది:

"దీదీ, మీ మీటింగయ్యాక మీరు రిక్షా ఎక్కి పోతారు. నేను వాడి మంచం పక్కనుంచే గుడిసెలోకి పోవాలి. మొన్న నా కూతుర్ని పిలిచి మంచినీళ్లు తెమ్మన్నాడు. అంతే. ఇంకేం అనలేదు. పదమూడేళ్ల పిల్ల దీదీ."

అఖ్తర్ సాబ్ హైకోర్టుకి పోదాం, బెయిల్ రద్దు అడుగుదాం అంటున్నాడు. బుధనీ అప్పటికే వెళ్లిపోయింది.

ఫిబ్రవరి 21

కొత్త కరపత్రంలో అడగాల్సినవి రాస్తున్నాను. కేస్ డైరీ మొదటి వాయిదాకే రావాలి. రాకపోతే రక్షణ ఆగిపోవాలి.

రక్షణ ఉన్నన్నాళ్లూ నిందితుడు సాక్షి ఉండే చోట అడుగు పెట్టకూడదు.

మాట మార్చిన సాక్షి వాంగ్మూలం పోలీసు రాయకూడదు, మేజిస్ట్రేటే రాయాలి.

బుధనీకీ, కూతురికీ ఆ బట్టీ నేల మీద కాకుండా వేరేచోట ఒక గది కావాలి.

ముందు గది.