నాకు కలిపిన రెండేళ్లు

నాన్నగారూ,

నిన్న తమ్ముడు మీ తద్దినం పెట్టాడు. ఇవాళ పొద్దున్నే మా అమ్మాయిని తీసుకెళ్ళి, బందరులో మీరు పాతికేళ్లు పాఠాలు చెప్పిన బళ్ళోనే చేర్పించి వచ్చాను.

ఇప్పుడున్న మాస్టారు మీ శిష్యుడేనట. నేనెవరో తెలిసి సంబరపడిపోయి, బీరువాలోంచి పాత రిజిస్టరు తీశారు. "మీ నాన్నగారి దస్తూరీ చూడండమ్మా, ముత్యాలు పేర్చినట్టుంటుంది!" అన్నారు.

చూశాను. నా పేరుకెదురుగా ఆ ముత్యాలతోనే రాసుంది: "పన్నెండేళ్లు నిండినవి. నిర్బంధము లేదు. పేరు కొట్టివేయడమైనది."

నాకప్పుడు పదేళ్లు. మీకు తెలీక కాదు, నా జాతకం రాసిపెట్టింది కూడా మీరే.

పన్నెండు నిండేదాకా పిల్లల్ని బడి మానిపించకూడదని చట్టముందని ఇల్లిల్లూ తిరిగి చెప్పింది మీరు. కొడుక్కి వయసు పెంచి చెప్పాడని బండి తోలే మస్తాన్ని నడివీధిలో నిలబెట్టి కడిగేశారు. ఆ వేసవిలోనే నాకు పెళ్ళి కుదిర్చి, "ఆడపిల్లలకి పదేళ్లదాకా చదువు చాలని ఇన్‌స్పెక్టరుగారి ఆర్డరమ్మా, నేనేం చెయ్యను?" అన్నారు. నేను నమ్మాను. మొహమైనా చూడని ఆ ఇన్‌స్పెక్టర్ని ఇన్నాళ్లూ తిట్టుకున్నాను.

మాస్టారు మా అమ్మాయిని, కుడిచెయ్యి తలమీదుగా తిప్పి ఎడమ చెవి పట్టుకోమన్నారు. సులువుగా అందింది. "ఏడేళ్లుంటాయి కదమ్మా?" అంటూ కలం తీశారు.

ఏడే.

"లేదండీ, పొడగరి పిల్ల. ఐదే," అన్నాను.

మీరు నాకు కలిపిన రెండేళ్లూ దానికి తీసేశాను. ఇక పన్నెండు నిండాయని దాన్ని తొందరపడి మానిపించడం ఎవరి తరమూ కాదు.

మాస్టారు ఐదనే రాసుకున్నారు. మీ కూతురు అబద్ధం చెబుతుందని ఆయన కల్లో కూడా అనుకోరు.