వెనక వరండాలో మాస్కు లేదు

ఆదిభట్ల, సోమవారం
2020 సెప్టెంబరు

నేను తెచ్చిన సీతాఫలాన్ని ఇంకొకడి నోట్లో పెట్టావు. ముందు ఈ సంగతి తేలాలి. కుశల ప్రశ్నలు తర్వాత.

నిన్న ఇబ్రహీంపట్నంలో మీ కరోనా సెంటర్ ముందు నన్ను ఎట్లా నిలబెట్టావు? పై కిటికీలోంచే "జర దూరం జరుగు, సంచి ఆడ వెట్టి ఎనకకు పో" అన్నావు. పెళ్లయి ఏడాది కాలేదు, కుక్కను తోలినట్టు తోలావు. సరే, నర్సు ఉద్యోగం, సెంటర్లోనే బస, జాగ్రత్త అనుకున్నాను. గేటు దగ్గరే కాసేపు తచ్చాడి, బండి తిప్పుకొని వెనక సందులో పోతుంటే ప్రహరీ మీదుగా వరండా కనిపించింది. నువ్వూ, టెస్టులు చేసే ఆ రమాకాంతూ ఒకే బల్ల మీద కూర్చున్నారు. ఇద్దరికీ మాస్కుల్లేవు. గింజలు తీసి మరీ వాడికి తినిపిస్తున్నావు. నాకెప్పుడైనా గింజలు తీసి పెట్టావా?

దగ్గితేనే కాదు, దగ్గరగా మాట్లాడినా వైరస్ గాలిలో వస్తుందని చెప్పింది నువ్వే. మంచాల ఊళ్లో మా అమ్మ ముక్కు మీదికి మాస్కు లాగింది నువ్వే. నాకో నియమం, వాడికో నియమమా? కరోనా మొగుణ్ని చూసే అంటుకుంటుందా?

ఈ కాగితం, ఇక్కడి నుంచే డ్యూటీకి వచ్చే మీ ఆయా సంతోషమ్మ చేతికిస్తున్నాను. నిజం రాయి.

నీ మొగుడని రాయాలో వద్దో తేల్చుకోలేని
ఇంద్రసేన

*

ఇబ్రహీంపట్నం, మంగళవారం

బావా,

నీ కోపం చూసి సంతోషమ్మ "సారు మస్తు గరం మీదున్నడు, బిడ్డా" అంది. నాకు నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది.

రమాకాంత్‌కు జబ్బు అంటుకుంది. చేతికి సెలైన్ సూది ఉంది. వాసన పోయి, రుచి పోయి అన్నం ముట్టడం లేదు. నీ పండు మెత్తగా ఉందని పెట్టాను. "అక్కా, తీపి తెలియట్లేదండి, మెత్తగా మాత్రం దిగుతోంది" అన్నాడు. అక్కా అని పిలిచేవాడి మీద నీకెందుకు కుళ్లు?

కడుపు నిండా తిను. కంపెనీ బస్సులో కిటికీ తెరిచి కూర్చో.

నీ నందిని

*

ఆదిభట్ల, బుధవారం

నందినీ,

ఇప్పుడు ఇంకా మండుతోంది. వాడికి కరోనా అని తెలిసి కూడా మాస్కు తీసి పక్కన కూర్చున్నావా? అంటే వాడి కోసం ప్రాణం మీదికి తెచ్చుకుంటావు, నా కోసం మెట్లు దిగి గేటు దాకా కూడా రావు. అక్కా అంటే సరిపోతుందా? పిలుపుదేముంది, ఎవడైనా పిలుస్తాడు.

ఇవాళ మిషన్ దగ్గర డ్రిల్లు విరగ్గొట్టాను. పక్క మిషన్ హన్మంత్ "మొకం గట్ల వెట్టినవేందిరా, వదినె రానిస్తలేదా?" అన్నాడు. అందరూ నవ్వారు. వాళ్లకు ఊరికే అన్న మాట, నాకు మాత్రం గుండెలో దిగింది.

ఆదివారం గోడ దూకి వస్తాను. మాస్కు ఉండదు. అదే బల్ల మీద, మీ ఇద్దరి మధ్య కూర్చుంటాను. అంటుకుంటే అంటుకోనీ. అప్పుడైనా నీ పక్కన చోటు దొరుకుతుంది కదా.

ఇంద్రసేన

*

ఇబ్రహీంపట్నం, గురువారం

బావా,

నీ కాళ్లు మొక్కుతాను, గోడ దూకకు.

నాకూ పాజిటివే. నాకు పరీక్ష చేసింది రమాకాంతే. తర్వాత అతనూ పడ్డాడు. ఆ వరండా జబ్బు తేలినవాళ్లది. అక్కడ నేను నర్సును కాను, పేషెంటును. ఇద్దరికీ ఉన్న జబ్బే కాబట్టి మా మధ్య మాస్కు అక్కర్లేకపోయింది. జబ్బు లేనివాడివి నువ్వు. అందుకే నిన్ను దూరం పెట్టాను.

చెబితే ఆ రోజే లోపలికి దూరేవాడివి. నీ సంగతి నాకు తెలియదా? ఫోన్ ఎత్తితే నా ఆయాసం వింటావని ఎత్తడం లేదు. కాగితానికి ఆయాసం ఉండదు కదా.

దూరంగా, మాస్కుతో ఉన్నావు కాబట్టి నీకు ఫికర్ లేదనుకుంటాను. అయినా ఒళ్లు వెచ్చబడితే, గొంతు గరగరలాడితే షిఫ్టుకు పోకు. బస్సంతా అంటిస్తావు. గదిలో విడిగా ఉండి పరీక్ష చేయించుకో. అత్తకు ఇప్పుడే చెప్పకు.

నీకు గింజలు తీసిపెట్టనిది నిజమే. అది నా తప్పు.

నందిని

*

ఆదిభట్ల, శుక్రవారం పొద్దున

నందినీ,

కాగితం రెండుసార్లు చదివి షెడ్డు వెనక్కి పోయి కూర్చున్నాను. సూపర్‌వైజరు వచ్చి అరిచినా లేవలేదు.

కుళ్లు పోయిందనుకోకు. పెరిగింది. నీ ఒంట్లో జబ్బుందని మొదట రమాకాంత్‌కు తెలిసింది, తర్వాత సంతోషమ్మకు. తాళి కట్టినవాడికి అందరికంటే చివర. నువ్వు రాత్రి ఎట్లా దగ్గుతున్నావో వాడికి తెలుసు, నాకు తెలియదు. ఇంతకంటే అన్యాయం ఉంటుందా?

గోడ దూకను. అమ్మకు చెప్పను. నాకు జ్వరం లేదు, అయినా రేపు పరీక్షకు పోతున్నాను. నువ్వు చెప్పినవన్నీ చేస్తాను, ఒక్కటి నువ్వు చెయ్యి. ఆయాసమొస్తుందన్నావు కాబట్టి ఫోన్ ఎత్తొద్దు. వేలికి తగిలించే మిషన్‌లో ఆక్సిజన్ ఎంత చూపిస్తే అంత రాయి. తగ్గించో పెంచో రాయకు. రమాకాంత్‌కు చెప్పకముందే, డాక్టరు మొహం చూడకముందే నాకు రాయి.

సాయంత్రం ఆరింటికి గేటు బయట ఉంటాను. ఆరు కొట్టేలోపు ఆ అంకె నా చేతిలో పడాలి.

నీ మొగుడు
ఇంద్రసేన