బలం బిళ్ళలు పట్టించిన దొంగ

అక్కా,

కాలు విరిగిందని కబురంపి, నువ్వు ఏడుస్తూ పరుగెత్తుకొస్తే గుమ్మంలో గంతులేసి చూపించిన ఆ తమ్ముణ్ణే రాస్తున్నాను. చింపెయ్యకు. ఈసారి నిజం.

ఆరు నెలలుగా నడుం నొప్పి. పగలు కుట్టు మిషను ముందు కూర్చున్నా ఓర్చుకునేవాణ్ణి, రాత్రి పడుకుంటే ప్రాణం తోడేసేది. నొప్పి బిళ్ళ వేసుకుంటే మాత్రం అరగంటలో మాయం.

"అరగంటలో పోయే నొప్పేమిటి? పని ఎగ్గొట్టే వేషాలు!" అంది నీ మరదలు. నా నటన బయటపెట్టాలని బిళ్ళల డబ్బాలో అదే రంగు బలం బిళ్ళలు పోసింది. రెండు రాత్రులు మంచమంతా దొర్లాను. మూడోనాడు తనే ఏడుస్తూ అసలు బిళ్ళ ఇచ్చింది. చంటిపిల్లాడిలా నిద్రపోయాను.

డాక్టరు దగ్గర తప్పు ఒప్పుకుని తలొంచుకుంది. ఆయన నవ్వి, "మంచి పనే చేశావమ్మా! ఆ బిళ్ళకి ఇంతలా లొంగే నొప్పంటే నాకో అనుమానం" అని స్కానుకు పంపాడు.

వెన్నుపూసలో శనగగింజంత గడ్డ ఉంది. ఎవరికో గాని రాదట. క్యాన్సరు కాదట. గురువారం స్కానులో చూస్తూ సన్నని సూది దింపి, దాని వేడితో గడ్డను లోపలే కాల్చేస్తారు. కాళ్ళకు పోయే నరం పక్కనే ఉంది కాబట్టి జాగ్రత్తగా చేస్తామన్నారు.

నాకేం భయం లేదు. భయమంతా నీ మరదలికే. తన పక్కన కూర్చోవడానికైనా రా. స్కాను బొమ్మ ఈ కవర్లోనే పెట్టాను, నమ్మకపోతే మీ డాక్టరుకు చూపించుకో.

శుక్రవారం ఆసుపత్రి గుమ్మంలో నీ ముందు మళ్ళీ ఒక్క గంతు వెయ్యాలని ఉందక్కా. ఈసారి తిట్టకు.

నీ అబద్ధాల తమ్ముడు