ఫ్యామిలీ ప్లాన్‌లోంచి బయటికొచ్చాను
బుధవారం, రాత్రి. కొత్తపేట.

కొబ్బరితోట పంపకాలయ్యాక ముమ్మిడివరంలో ఉన్న అన్నయ్యకీ నాకూ ఉమ్మడిగా మిగిలింది ఫోన్‌లో గేములకి ఇద్దరం కలిసి తీసుకున్న ఫ్యామిలీ ప్లాన్ ఒక్కటే. మాటల్లేకపోయినా, తను ఆడుతున్నాడని నా ఫోన్‌లో కనిపించేది. ఈ సాయంత్రం అందులోంచి తప్పుకుని, నా ఒక్కడికీ వేరే ప్లాన్ తీసుకున్నాను. బాధేస్తుందనుకున్నాను. ఏమీ అనిపించలేదు.

పది నిమిషాల్లో అన్నయ్య ఫోన్. రెండు నెలల తరవాత ఆ గొంతు.

"నువ్వు బయటికెళ్లిపోయేవని మెసేజొచ్చింది. పొరపాటున నొక్కేసేవేంట్రా? మళ్ళీ చేర్చమంటావా?"

"కాదన్నయ్యా, కావాలనే."

"సర్లే. అన్నం తిన్నావా?"

తిన్నానన్నాను. తినలేదు. తిడతాడని బోలెడు మాటలు సిద్ధం చేసుకుని కూర్చున్నాను. తిట్టి ఉంటే బాగుండేది, ఇద్దరం ఇంకాసేపు ఫోన్‌లో ఉండేవాళ్ళం...